వచ్చావా అన్నదెవరు?

సంచి చిన్నది. తొకియె పట్టుదల పెద్దది.

"మూడు రోజులకే కదమ్మా! ఇన్ని మేజోళ్లెందుకు?"

"వానాకాలం. కాళ్లు తడుస్తాయి. తడిస్తే జలుబు. జలుబు ముదిరితే జ్వరం. ఆపైన ఏమవుతుందో నన్నడక్కు" అంటూ తొకియె ఇంకో జత కుక్కింది.

మేజోళ్ల పక్కన పొట్టకు చుట్టుకునే ఉన్ని పట్టీ చేరింది. దాని మీద గుడిలో ఇచ్చిన రక్ష. దాని మీద కాగితం పొట్లాలు, ఆరు.

మినావో ఒక పొట్లం విప్పి నాలుక మీద వేసుకుని మొహం చిట్లించింది. "ఉప్పు!"

"దయ్యాల సినిమాకి పాట చెయ్యడానికి వెళ్తూ ఉప్పు లేకుండా వెళ్తారా ఎవరైనా? భుజాల మీద చల్లుకో."

"పాడేది నేను కాదమ్మా. నేను డ్రమ్స్ వాయిస్తాను."

"దయ్యానికి ఆ తేడా తెలుసా?"

మినావో పొట్లం మడిచి మళ్లీ సంచిలో పెట్టింది. ముప్ఫై ఆరేళ్లుగా ఆమె దగ్గర తల్లి మాటలకు జవాబు ఉన్న సందర్భాలు తక్కువ.

టోక్యోలో, కోయెంజి బజారు వీధిలో సుగిమొరి వాళ్ల బియ్యపు చెక్కల కొట్టు ఉంది. సోయా సాస్ రాసిన చెక్కల్ని బొగ్గుల మీద ఒక్కొక్కటీ తిప్పుతూ కాల్చడం మినావో పని. మణికట్టు అంత వేగంగా ఎలా తిరుగుతుందని కొత్తవాళ్లు ముచ్చటపడతారు. పాతవాళ్లకు తెలుసు. ఒకప్పుడు ఆ మణికట్టు 'తడిగొడుగులు' అనే రాక్ బ్యాండ్‌లో డ్రమ్స్ వాయించింది.

బ్యాండ్‌లో నలుగురు. పాట టెప్పేయిది. గిటారు గోరోది. డ్రమ్స్ మినావోవి. బాస్ గిటారు ఆమె అన్న కెంగోది. కెంగో కొండకు వెళ్లిన ఏడాదే బ్యాండ్ ఆగిపోయింది. ఆ వసంతంలోనే టెప్పేయి తన ఊరు కగొషిమా వెళ్లిపోయాడు. పదకొండేళ్లు ఒక ఉత్తరం ముక్క లేదు.

ఇప్పుడు ఓనుకి అనే సినిమా డైరెక్టరమ్మ ఊడిపడింది. కాలేజీ రోజుల్లో తడిగొడుగుల పాటలు వింటూ ఏడ్చేదట. తన దయ్యాల సినిమాకు వాళ్లే మళ్లీ కలిసి పాట చెయ్యాలని పట్టుబట్టింది. గోరో కగొషిమాకు ఫోన్ చేశాడు. నెల తిరక్కుండా టెప్పేయి దగ్గర్నుంచి పాట వచ్చింది. మనిషి కూడా వస్తున్నాడు.

"ఇంతకీ ఆ సినిమా కథేమిటే?" అంది తొకియె, అన్నం ముద్దలకు నోరి, అంటే ఎండు సముద్రపు నాచు, చుడుతూ.

"దయ్యం ఇంటి గుమ్మంలో నిలబడి 'వచ్చేశా' అంటుంది. లోపలున్న వాళ్లు అలవాటు కొద్దీ 'వచ్చావా' అన్నారో, అయిపోయారు. చెప్పులు విప్పి లోపలికి వచ్చేస్తుంది. ఇక పోదు."

తొకియె చేతులు ఆగాయి. "దయ్యాలకి కాళ్లుండవు కదా. చెప్పులెలా విప్పుతుంది?"

"అమ్మా, సినిమా!"

"సినిమా అయితే మాత్రం? అయినా ఎవరో పాపం ఎక్కణ్ణుంచో ఇంటికొచ్చి వచ్చేశానంటే, వచ్చావా అనకపోవడమేమిటి? మర్యాద తెలియని సినిమా."

ముద్దలు నాలుగయ్యాయి. నాలుగింటిలోనూ ఉప్పురేగు ఊరగాయే.

"మేం ముగ్గురమే" అంది మినావో మెల్లగా.

"ఎన్ని చెయ్యాలో నాకు తెలుసు."

మినావో ముద్దల డబ్బా అందుకుంది. సంచి భుజాన వేసుకుని, బూట్లు తొడుక్కుని, తలుపు జరిపింది.

"ఏదో మర్చిపోయావు" అంది వెనక నుంచి గొంతు.

"వెళ్లొస్తా."

"వానలో వినపడలేదు."

"వెళ్లొస్తా!"

"వెళ్లిరా. జాగ్రత్తగా వెళ్లిరా."

ఎదురుగా కూరగాయల కొట్టాయన నవ్వాడు. చెక్కల కొట్లోంచి ఎవరు బయటికెళ్లినా, ఆఖరికి చెక్కలు కొనుక్కున్న వాళ్లయినా, వెళ్లొస్తా అనేదాకా తొకియె చిల్లర చేతికివ్వదని బజారంతా చెప్పుకుంటారు.

*

స్టేషన్ ముందు గోరో వ్యాను ఆగి ఉంది. పక్కన ఒక పొడుగాటి మనిషి, తనకు ఏ మాత్రం సరిపోని గొడుగు కింద నిలబడి ఉన్నాడు. ఎడమ భుజం వానకు వదిలేశాడు.

మినావో గుండె రెండు దెబ్బలు తప్పింది. డ్రమ్స్ వాయించే మనిషి కాబట్టి లెక్క తెలిసింది.

టెప్పేయి నడుము వంచి దండం పెట్టాడు. "చాలా కాలమైంది."

మినావో అంతకంటే కిందికి వంగింది. "చాలా కాలమైందండి. తమరి పేరు...?"

"మినావో."

"అది నా పేరండి. తమరిది?"

గోరో వ్యాను కిటికీలోంచి తల బయటపెట్టాడు. రిటైరైన ఆడవాళ్లకు గిటారు నేర్పి నేర్పి అతనికి ఓర్పూ పొట్టా రెండూ పెరిగాయి. "బ్యాంకు మేనేజర్లలా వంగింది చాలు, ఎక్కండి! నా సామానంతా తడుస్తోంది!"

వ్యానులో ముందు సీటు నిండా గోరో గిటార్లు. వెనక సీట్లో ఇద్దరూ పక్కపక్కనే కూర్చోవాల్సి వచ్చింది. మధ్యలో సంచి పెట్టింది మినావో. సంచికి అవతల సంచి పెట్టాడు టెప్పేయి.

"కోపమా?" అన్నాడు కాసేపటికి.

"కోపమా? నాకా? ఎందుకు?"

"ఎందుకు అన్నావంటే కోపమే."

"సయొనారా అన్నావు."

"ఎప్పుడు?"

"పదకొండేళ్ల కిందట, టోక్యో స్టేషన్లో. దారిలో తింటావని నేను భోజనం డబ్బా చేతికిచ్చాను. నువ్వు తీసుకుని 'సయొనారా' అన్నావు."

వ్యాను ఒక్క కుదుపు కుదిపి ఆగింది. గోరో వెనక్కి తిరిగాడు. "సయొనారానా! ఒరేయ్! అది బళ్లో గంట కొట్టాక మాస్టారికి చెప్పే మాట కదరా!"

"అదే నేనూ అంటున్నాను. లేకపోతే ఈ జన్మలో మళ్లీ మొహం చూడమనుకున్న వాళ్లకి చెప్తారు. నేను మాస్టార్ని కాను."

"మరేమనాల్సింది?" అన్నాడు టెప్పేయి.

"వెళ్లొస్తా అనాలి! అందులో 'వస్తా' ఉంది. సయొనారాలో ఏముంది?"

వాన అద్దం మీద పడుతోంది. టెప్పేయి కిటికీ వైపు చూస్తూ నెమ్మదిగా అన్నాడు. "వస్తానన్న నమ్మకం లేనివాడు వస్తానని ఎలా అంటాడు?"

గోరో గొంతు సవరించుకుని బండి ముందుకు పోనిచ్చాడు. ఓ మైలు దూరం ఎవరూ మాట్లాడలేదు. తర్వాత గోరో పొట్ట మాట్లాడింది.

మినావో డబ్బా తెరిచింది. గోరో ఒక చేత్తో ముద్ద అందుకున్నాడు. "పిన్నిగారి చేతి ముద్ద! ఉప్పురేగు! ఆహా!" రెండు మలుపులు తిరిగేలోపు అయిపోయింది. వెనకిద్దరూ చెరోటి తినేసరికి చెయ్యి మళ్లీ వెనక్కి వచ్చింది. "ఇంకోటి ఉందిగా?"

"చెయ్యి తియ్యి" అన్నారు మినావో, టెప్పేయి ఒకేసారి.

ఒకరినొకరు చూసుకుని, వెంటనే చెరో కిటికీలోంచి బయటికి చూశారు. డబ్బాలో నాలుగో ముద్ద ఒక్కటే మిగిలింది.

"పిన్నిగారు ఎలా ఉన్నారు?" అన్నాడు టెప్పేయి కిటికీకి చెబుతున్నట్టు.

"వచ్చి చూడు."

"ఆదివారం సాయంత్రం విమానముంది. టికెట్ కొనేశాను."

'అయితే ఈ మూడు రోజులూ నీతో డ్రమ్స్‌తోనే మాట్లాడతాను' అనుకుంది మినావో. మొదటి రోజు మాట తప్పలేదు.

*

స్టూడియో అంటే యమనషి కొండల్లో పిల్లలు లేక మూతబడిన ప్రాథమిక పాఠశాల. సంగీతం గదిలో మైకులు, ప్రిన్సిపాల్ గదిలో రికార్డింగ్ యంత్రాలు. గుమ్మం దగ్గర చిన్నపిల్లల చెప్పుల అరలు ఇంకా ఉన్నాయి. అందులో గోరో బూట్లు పట్టక నేల మీదే ఉండిపోయాయి.

స్టేషన్ నుంచే తడిసి వచ్చిన మేజోళ్లు మార్చుకోవడం మినావో మర్చిపోయింది. సంచిలో ఎనిమిది జతలున్నాయి.

డైరెక్టర్ ఓనుకి, ముప్ఫై ఏళ్ల బక్కపలుచని మనిషి, ముగ్గుర్నీ చూసి ముందు ఏడ్చింది. తర్వాత గుడి పూజారిని పిలిపించి శుద్ధి చేయించింది. దయ్యాల సినిమా వాళ్లెవరూ పూజ చేయించకుండా పని మొదలుపెట్టరు. పూజారి కాగితాల కర్ర ఊపుతుంటే గోరో తల వంచి గట్టిగా మొక్కుకున్నాడు. మినావో ఎందుకైనా మంచిదని ఒక ఉప్పు పొట్లం తన డ్రమ్స్ మీద చల్లింది.

రికార్డింగ్ చేసేది హచియగారు. నలభై ఏళ్ల అనుభవం. "మా గురువుగారు చెప్పేవారు. రికార్డింగ్‌లో దయ్యం గొంతు పడితే ఆ పాట హిట్టు. నా నలభై ఏళ్లలో ఒక్కసారీ పడలేదు. చెవులు కాయలు కాచాయి" అన్నాడు దిగులుగా.

మొదటి రోజంతా వాయిద్యాలు. బాస్ కూడా గోరోయే వాయించాడు. అది కెంగో గిటారే. తొకియె పంపింది. "ఇంట్లో కూర్చుని అది మాత్రం ఏం చేస్తుంది?" అందట.

మినావో డ్రమ్స్ వాయిస్తుంటే హచియగారు మధ్యలో ఆపాడు. "అమ్మా, ఇది నెమ్మదిగా వచ్చే దయ్యం. తలుపులు బద్దలు కొట్టుకుని వచ్చేది కాదు."

"క్షమించండి" అంది మినావో, గాజు తలుపు వెనకున్న టెప్పేయి నడినెత్తి మీద నుంచి చూపు తిప్పుకుని.

రెండో రోజు పాట. టెప్పేయి మైకు ముందు నిలబడ్డాడు. అదే గదిలో, అయిదడుగుల దూరంలో మినావో కంజీరా పట్టుకుని పీట మీద కూర్చుంది. ఆమె పని చాలా తేలిక. పాట చివర టెప్పేయి 'వచ్చేశా' అంటాడు. తర్వాత నాలుగు మాత్రలు నిశ్శబ్దం. అయిదో మాత్రకు కంజీరా ఒక్కసారి ఘల్లుమనాలి. అంతే.

"ఆ నిశ్శబ్దమే ఈ సినిమా ప్రాణం. ఊపిరి కూడా పీల్చొద్దు!" అంది ఓనుకి.

టెప్పేయి కళ్లు మూసుకుని పాడాడు. మినావో నేల వైపు చూస్తూ కూర్చుంది. పదకొండేళ్లలో ఆ గొంతు కాస్త బొంగురుపోయింది. అడుగున చిన్న జీర వచ్చింది. బొగ్గుల మీద ఒక పక్కే కాలిన చెక్కలా ఉంది అనుకుంది. అలా అనుకున్నందుకు తనను తాను తిట్టుకుంది.

గొడుగు మడిచాను, గుమ్మం తడిసింది,
నా పేరు మీరు మరిచినా, దారి నన్ను మరవలేదు...
వచ్చేశా.

ఒకటి. రెండు. మూడు. నాలుగు. ఘల్లు.

"అద్భుతం!" అని ఓనుకి కన్నీళ్లు పెట్టుకుంది. అందరూ ప్రిన్సిపాల్ గదిలోకి వెళ్లి వినడానికి కూర్చున్నారు.

పాట సాగింది. 'వచ్చేశా' అన్నాడు టెప్పేయి. నిశ్శబ్దం. ఆ నిశ్శబ్దంలో, మూడో మాత్ర దగ్గర, గరగరలాడే ముసలి గొంతు ఒకటి వినిపించింది.

"వచ్చావా..."

ఘల్లు.

హచియగారి చేతిలో టీ కప్పు కింద పడింది. మళ్లీ వేశాడు. "వచ్చావా..." మళ్లీ. "వచ్చావా..."

"పడింది!" అని అరిచాడు హచియగారు. "నలభై ఏళ్లకి పడింది!"

ఓనుకి కుర్చీలోంచి జారి నేల మీద కూర్చుంది. గోరో ఉప్పు పొట్లాలు రెండు ఒకేసారి విప్పి గది నిండా చల్లాడు. సగం యంత్రాల మీద పడింది. హచియగారు దయ్యానికి భయపడలేదు గానీ ఉప్పుకు భయపడి ఇంకోసారి అరిచాడు.

ఈ గొడవలో ఒక్క మనిషి మాత్రం కదలకుండా కూర్చుంది. మినావోకు తెలుసు. ఆ గొంతు తనదే.

ఎప్పుడు అందో కూడా తెలియదు. పుట్టినప్పటి నుంచీ ఎవరు 'వచ్చేశా' అన్నా నోరు దానంతటదే 'వచ్చావా' అంటుంది. ఆ ఇంట్లో పెరిగిన నోరు ఇంకేమంటుంది? గొంతెందుకు అలా ఉందో మాత్రం తెలుసు. పొద్దుట్నుంచీ జలుబు.

చెప్పాలి. నోరు తెరిచింది. కానీ ఏమని? పదకొండేళ్ల కోపం మోసుకొచ్చి, రెండో రోజుకే టెప్పేయికి 'వచ్చావా' అన్నది నేనే అని, ఇంతమంది ముందా? నోరు మూసుకుంది.

"ఈ బళ్లో ఎవరైనా పోయారా?" అన్నాడు గోరో.

బడి తాళాలు చూసే ముసలాయన ఆలోచించాడు. "పోలేదే. ఆడ గొంతంటున్నారు కాబట్టి... పిల్లలకు వండిపెట్టిన ఉమెగారని ఉండేది. ఎవరొచ్చినా 'వచ్చావా' అనేది."

"ఆవిడే!" అంది ఓనుకి. "ఎప్పుడు పోయింది?"

"పోలేదు. పక్క వీధి."

అరగంటలో ఎనభై నాలుగేళ్ల ఉమె, చేతిలో ముల్లంగి కట్టతో వచ్చింది. హెడ్‌ఫోన్లు పెట్టుకుని శ్రద్ధగా వింది.

"నా గొంతు ఇంత దరిద్రంగా ఉండదు" అని ముల్లంగులిచ్చి వెళ్లిపోయింది.

మినావోకు చెవులు ఎర్రబడ్డాయి.

*

ఆ సాయంత్రం వాన కాస్త తెరిపిచ్చింది. వరండాలో పిల్లలు చేతులు కడుక్కునే పొడుగాటి తొట్టి దగ్గర టెప్పేయి ఒంటరిగా నిలబడి ఉన్నాడు. మినావో అటుగా, ఏ పనీ లేకపోయినా ఏదో పని మీద వెళ్తున్నట్టు వెళ్లింది.

"మినావో. ఆ గొంతు ఎవరిదో నాకు తెలుసు."

ఆమె గుండె మళ్లీ రెండు దెబ్బలు తప్పింది. "తెలుసా?"

"కెంగోది."

మినావో నోరు తెరుచుకునే ఉండిపోయింది. "అది... ఆడ గొంతు కదా?"

"జలుబు చేస్తే వాడి గొంతు అలాగే ఉండేది, గుర్తులేదా? మీ ఇద్దరిదీ ఒకే గొంతు." అతను కుళాయి తిప్పాడు, కట్టాడు. "ఆ శనివారం నేనూ వాడితో కొండకి వెళ్లాల్సింది. పొద్దున్నే స్టేషన్లో కలుద్దామన్నాం. అలారం మోగింది. ఆపి పడుకున్నాను. అంతే మినావో. అలారం ఆపి పడుకున్నాను. ఆ తర్వాత పిన్నిగారికి ఏ మొహం పెట్టుకుని 'వచ్చేశా' అనను?"

చూరు నుంచి నీటిచుక్కలు పడుతున్నాయి. మినావో వాటిని లెక్కపెట్టసాగింది. పదహారు దాకా లెక్కపెట్టింది.

"ఇన్నేళ్లూ ఎవరి గుమ్మంలోనూ అనలేకపోయాను. అందుకే పాటలో పెట్టాను. ఇవాళ అన్నాను. వాడు 'వచ్చావా' అన్నాడు." టెప్పేయి నవ్వాడు. చాలా కాలానికి నిద్ర పట్టబోతున్న మనిషి నవ్వు అది. "చాలు. ఇక నెమ్మదిగా కగొషిమా వెళ్లిపోతాను. మళ్లీ ఎవర్నీ ఇబ్బంది పెట్టను."

అతను లోపలికి వెళ్లిపోయాడు. మినావో తొట్టి అంచు పట్టుకుని నిలబడిపోయింది.

మనిషిని ఆపడానికి తన దగ్గర ఉన్నది ఒక్కటే మాట. ఆ మాట తీసుకెళ్లి దయ్యం ఖాతాలో వేశారు. ఇప్పుడు ఆ మాట పట్టుకునే అతను శాశ్వతంగా వెళ్లిపోతున్నాడు.

*

ఆదివారం పొద్దున. వాన మళ్లీ ఎత్తుకుంది.

టెప్పేయి చెప్పుల అరల ముందు గట్టు మీద కూర్చుని బూట్ల తాళ్లు కట్టుకుంటున్నాడు. పక్కన సంచి. వెనక నుంచి చెక్కనేల మీద దబదబమని అడుగులు.

"అది నేను!"

అతను తలెత్తాడు. "ఏది?"

"ఆ గొంతు. దయ్యం కాదు. అన్నయ్య కాదు. వంటావిడ కాదు. నేను. నువ్వు 'వచ్చేశా' అన్నావు, నా నోరు 'వచ్చావా' అంది. నన్నడక్కుండా అనేసింది."

టెప్పేయి ఆమెను చాలాసేపు చూశాడు. కళ్లు చెమర్చాయి. "నువ్వు చాలా మంచిదానివి మినావో."

"ఏమిటీ?"

"నన్ను ఓదార్చడానికి ఇంత అబద్ధం..."

"ఓదార్చడమా! నిన్నా! రెండు తగిలించాలని వచ్చాను!"

"అది జలుబు చేసిన గొంతు మినావో."

"నాకు జలుబు!"

"చలికాలం కూడా కాదు, జలుబేమిటి?"

"మేజోళ్లు మార్చుకోలేదు!" అని అరిచి, అంతలోనే తుమ్మింది. తల్లి మాట నిజమైందన్న బాధ కూడా ఆ తుమ్ములో ఉంది.

టెప్పేయి లేచాడు. "అయితే మళ్లీ అను, వింటాను."

"ఊరికే ఎలా అంటాను? ముందు నువ్వనాలి."

అతను ఒక క్షణం ఆలోచించాడు. సంచి భుజాన వేసుకుని, తలుపు జరిపి, వానలోకి వెళ్లి, వెనకే తలుపు మూసేశాడు.

మినావో ఒక్కతే మిగిలింది. గాజు మీద అతని నీడ కదిలింది. పోతున్నాడా? నిజంగానే పోతున్నాడా?

తలుపు జరిగింది. తల మీద నుంచి నీళ్లు కారుతూ గుమ్మంలో నిలబడ్డాడు.

"వచ్చేశా" అన్నాడు టెప్పేయి.

ఈసారి నోరు దానంతటది తెరుచుకోలేదు. ఈసారి మినావోయే తెరవాలి. ఒకటి. రెండు. వాన పడుతోంది. మూడు. అతని మొహంలో భయం. నాలుగు.

"వచ్చావా" అంది గరగరలాడే గొంతుతో. "ఎంతసేపు చేశావు!"

"అలారం ఆపి పడుకున్నాను. పదకొండేళ్లు."

"నవ్వించకు, దగ్గొస్తుంది."

"నువ్వంటే నాకిష్టం. ఇప్పుడనకపోతే మళ్లీ ధైర్యం రాదు. నా మీద కోపంతో డ్రమ్స్ బాదుతున్నప్పుడు మరీ ఇష్టం."

"ఒక్కో చెక్కా నీ మొహమనుకుని బొగ్గుల మీద తిప్పాను. ఎన్ని మాడ్చానో అమ్మనడుగు. ఇష్టం లేకపోతే అన్ని మాడతాయా?"

చెప్పుల అరల వెనక నుంచి ఎవరో గొంతు సవరించుకున్నారు. హచియగారు మోకాళ్ల మీద కూర్చుని ఉన్నాడు. చేతిలో మైకు, చెవులకు హెడ్‌ఫోన్లు.

"క్షమించాలి. సినిమాకి వాన చప్పుడు కావాలంటే రికార్డ్ చేస్తున్నాను. అమ్మా, ఆ 'వచ్చావా' ఇంకొక్కసారి అంటావా? రెండూ పోల్చి చూడాలి."

పోల్చారు. అదే గొంతు. ఓనుకి గోడకు చేరగిలబడింది. "నా దయ్యం! 'నిజమైన దయ్యం గొంతు' అని పోస్టరు కూడా వేయించాను!"

హచియగారు అంతకంటే దిగులుగా ఉన్నాడు. "బతికున్న మనిషి గొంతు పడితే హిట్టవుతుందా?"

"హిట్టు సంగతి తర్వాత. ముందు పెళ్లవుతుంది" అన్నాడు గోరో.

*

సాయంత్రం విమానం టెప్పేయి లేకుండానే ఎగిరింది. ఆ సమయానికి అతను కోయెంజిలో చెక్కల కొట్టు తలుపు ముందు నిలబడి చొక్కా గుండీలు సరిచేసుకుంటున్నాడు. నాలుగోసారి.

"లోపల పులేమీ లేదు" అంది మినావో.

"పులైతే నయం."

ఆమె తలుపు జరిపి అతన్ని వీపు మీద ఒక్క తోపు తోసింది.

తొకియె అటు తిరిగి చెక్కలు డబ్బాల్లో సర్దుతోంది. ఎన్నో మర్యాద మాటలు దారంతా బట్టీ పట్టుకొచ్చిన టెప్పేయికి ఒక్కటీ గుర్తు రాలేదు.

"వచ్చేశా" అన్నాడు.

తొకియె చేతులు ఆగాయి. వెనక్కి తిరగలేదు. ఒక డబ్బా మూత పెట్టింది. మళ్లీ తీసింది. మళ్లీ పెట్టింది.

"వచ్చావా" అంది. "కాళ్లు తుడుచుకో. గచ్చు తడుస్తుంది."

టెప్పేయి అక్కడే మోకాళ్ల మీద కూలబడి, తల నేలకు ఆనించాడు. "పిన్నీ, ఆ రోజు నేను..."

"తెలుసు. నిద్ర లేవలేదు. మొదట్నుంచీ మొద్దు నిద్రే నీది." ఇప్పుడు తిరిగింది. చిన్న మొహం, పెద్ద కళ్లద్దాలు. "నువ్వు లేవని రోజు నేను దేవుడికి దండం పెట్టుకున్నాను, ఒక్కడైనా లేవలేదని. ఆ మాట చెబుదామంటే నువ్వు ఊళ్లో లేవు. ఇప్పుడిది చెప్పు. నాలుగో ముద్ద ఎవరు తిన్నారు?"

టెప్పేయి మినావో వైపు చూశాడు. "నేనే. ఇవాళ పొద్దున. పాడవుతుందని."

"మూడు రోజుల ముద్ద! కడుపు నొప్పి లేదూ?"

"కొంచెం ఉంది."

"ఉంటుంది మరి. వాడి వాటా తిన్నావు కాబట్టి వాడి పనీ నువ్వే చెయ్యాలి. రేపు ఆరింటికి బొగ్గులు రాజెయ్యి. అలారం నేనే పెడతాను." మందు కోసం అల్మరా తెరుస్తూ, కూతురి కేసి చూడకుండానే అంది. "నువ్వు మాడ్చినవి చాలు. ఇక అతను మాడుస్తాడు."

ఆ ఇంట్లో పెళ్లికి దీవెన అంటే అంతే.

*

ఆగస్టులో సినిమా విడుదలైంది. పాటలో మినావో గొంతు ఉంచేశారు. చివర్లో పేర్లు పడేటప్పుడు 'వచ్చావా: సుగిమొరి మినావో' అని వేశారు. హచియగారి దిగులు తీరింది. పాట హిట్టయింది. సినిమా భయపెట్టిందా అంటే మాత్రం చెప్పడం కష్టం. గుమ్మంలో దయ్యం 'వచ్చేశా' అన్న ప్రతిసారీ, ఆ నిశ్శబ్దంలో హాలు హాలంతా అలవాటు కొద్దీ 'వచ్చావా' అనేసి, తర్వాత పడీ పడీ నవ్వేది. ఓనుకి మొదటి వారం ఏడ్చింది. రెండో వారం టికెట్లు దొరక్క జనం వెనుదిరుగుతుంటే ఊరుకుంది.

పోయినవాళ్లు ఇంటికొచ్చే బాన్ పండుగ వారంలో తొకియెను సినిమాకు తీసుకెళ్లారు. బయలుదేరే ముందు ఆమె ఎప్పటిలాగే కీర దోసకాయకు పుల్లలు గుచ్చి కాళ్లు పెట్టి, పోయిన భర్త ఎక్కి రావడానికి గుర్రం చేసి పెట్టింది. ఒక్కటే గుర్రం. టెప్పేయి ఇంకో దోసకాయ తీసి చేతికివ్వబోయాడు.

"కెంగోకా? వాడికెందుకు గుర్రం? వాడికి కాళ్లున్నాయి" అంది తొకియె.

హాల్లో ఆమె మూడు ముద్దలు తనవాళ్లకు పంచి, నాలుగోది ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. తెర మీద తలుపు జరిగింది. తడిసిన దయ్యం గుమ్మంలో నిలబడింది.

"వచ్చేశా."

"వచ్చావా! లోపలికి రా నాయనా, తడిసిపోయావు!" అంది తొకియె, హాలంతా వినపడేలా.

జనం నవ్వారు. చప్పట్లు కూడా కొట్టారు. గోరో నవ్వలేక కళ్లు తుడుచుకున్నాడు. టెప్పేయి, మినావో చీకట్లో ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని కూర్చున్నారు.

కొట్టుకు తిరిగొచ్చాక గుమ్మంలో ముగ్గురూ 'వచ్చేశా' అన్నారు, ఒకరికొకరు 'వచ్చావా' చెప్పుకున్నారు. చివరగా లోపలికొచ్చిన తొకియె తలుపు జరిపి, బెత్తెడు సందు వదిలింది.

సుగిమొరి కెంగో 2013 జనవరి 12, శనివారం ఉదయం తనిగవ కొండకు బయలుదేరాడు. గుమ్మంలో వెళ్లొస్తా అనే చెప్పాడు. తిరిగి రాలేదు.